తొలగింపునకు, పునర్నియామకమునకు నడుమ

బస్సు డిపోలలోను, బొగ్గుగనులలోను, మిల్లులలోను పనిచేయుచు, దుష్ప్రవర్తన చేసితివను ఆరోపణపై ఉద్యోగము కోల్పోయి, లేబరు కోర్టుకెక్కి, ఏండ్ల తరబడి వాయిదాలకు తిరిగి తుదకు గెలిచిన కార్మికుని చేతికి వచ్చు అవార్డు ప్రతిలో సాధారణముగా మూడంశములుండును: తొలగింపు ఉత్తరువు రద్దు, సర్వీసు కొనసాగింపుతో తిరిగి ఉద్యోగము, వెనుకటి వేతనమును గూర్చిన ఆదేశము. మొదటి రెండింటికి న్యాయాధికారి పుటలకొలది హేతువులు వ్రాయును. మూడవదానికి తరచుగా ఒక్క వాక్యముతో సరిపుచ్చును. వేతనములో సగమనియో, పాతికవంతనియో, అసలే లేదనియో చెప్పు ఆ వాక్యమునకు ముందు గాని వెనుక గాని కారణమేదియు కానరాదు. కనబడినను కేసు పరిస్థితులన్నింటిని పర్యాలోచించితిమను మాటకు మించి పోదు. కార్మికుని యింటి లెక్కలో మాత్రము అన్నిటికంటె పెద్ద అంకె ఆ వాక్యముననే కలదు. యూనియను కార్యాలయములలో దీనిని బ్యాక్ వేజెస్ అనియే అందురు. అవార్డు వచ్చినదని తెలిసిన వెంటనే తోటి కార్మికులు అడుగు మొదటి ప్రశ్నయు దానిని గూర్చియే.

ఈ వ్యాసమున నేను చెప్పదలచినది ఇది. దుష్ప్రవర్తన రుజువైనను శిక్ష మితిమీరినదని తలచి ఉద్యోగమును తిరిగి యిప్పించిన కేసులలో, వెనుకటి వేతనమును నిరాకరించుట యనునది మన న్యాయస్థానములు పేరు పెట్టకుండ విధించుచున్న జరిమానా. ఆ జరిమానా ఎంతయో నిర్ణయించునది తప్పు బరువు కాదు, వ్యాజ్యము పొడవు. ఒకే డిపోలో ఒకే విధమైన తప్పునకు తొలగింపబడిన కండక్టర్లు ఇద్దరున్నారనుకొందము. ఒకని కేసు రెండేండ్లలో తీరి, రెండవవాని కేసు హైకోర్టు దాక పోయి పదునొకండేండ్లు సాగినచో, వెనుకటి వేతనము లేదను ఒకే ఆజ్ఞ మొదటివానికి రెండేండ్ల జీతమంత శిక్షయు, రెండవవానికి పదునొకండేండ్ల జీతమంత శిక్షయు నగును. వారి నడుమ ఈ తొమ్మిదేండ్ల భేదమును కల్పించినది వారి నడవడి కాదు. న్యాయాధికారి పదవి ఖాళీగా నుండిన నెలలు, ఎదుటి పక్షము కోరిన వాయిదాలు, రికార్డు రాని తేదీలు.

పునర్నియామకమే మన చట్టమునకు పుట్టుకతో వచ్చినది కాదు. ఇంగ్లీషు కామన్ లా దృష్టిలో యజమాని సేవకుల ఒడంబడిక వ్యక్తిగతమైనది. దానిని భంగపరచినవాడు నష్టపరిహార మీయవలసినదే కాని, ఇష్టము లేని సేవకుని తిరిగి పనిలో పెట్టుకొమ్మని అతనిని ఏ న్యాయస్థానమును నిర్బంధింపజాలదు. 1947 నాటి పారిశ్రామిక వివాదముల చట్టము క్రింద ఏర్పడిన ట్రిబ్యునళ్లకు అట్టి అధికారము కలదా యను ప్రశ్న 1949లో, వెస్టరన్ ఇండియా ఆటోమొబైల్ అసోసియేషన్ కేసున, ఫెడరల్ కోర్టు ముందునకు వచ్చెను. కలదని ఆ కోర్టు తేల్చెను. ఉన్న ఒడంబడికను అమలుపరచుటయే గాక, పారిశ్రామిక శాంతి కొరకు కొత్త బాధ్యతలను కల్పించుట కూడ ట్రిబ్యునలు పనియే యన్న భావము మన కార్మిక న్యాయమున అప్పటినుండి నిలద్రొక్కుకొన్నది.

అధికారము కలదనుట వేరు, దాని విస్తృతి వేరు. 1950ల చివర ఇండియన్ ఐరన్ అండ్ స్టీల్ కంపెనీ కేసులో సుప్రీంకోర్టు ఆ విస్తృతికి గట్లు కట్టెను. యజమానికి సద్బుద్ధి లోపించినపుడు, కక్షసాధింపు గాని అన్యాయమైన కార్మిక విధానము గాని ఉన్నపుడు, విచారణలో మూలదోషమో సహజన్యాయ సూత్రముల ఉల్లంఘనమో జరిగినపుడు, నిర్ణయమునకు సాక్ష్యాధారమే లేనపుడు తప్ప, యజమాని వేసిన శిక్ష జోలికి ట్రిబ్యునలు పోరాదనెను. తప్పు రుజువైన పిమ్మట శిక్ష ఎక్కువయా తక్కువయా అన్నది యజమాని యిష్టము. దాని ఫలితముగా ఆ కాలమున కోర్టులో గెలిచిన కార్మికుడు నిర్దోషియో, కక్షకు బలియైనవాడో, సరియైన విచారణ నోచుకొననివాడో అయి యుండెడివాడు; అతనికి వెనుకటి వేతన మేల యీయవలెనను ప్రశ్న పెద్దగా పుట్టెడిది కాదు.

ఉద్యోగముల తొలగింపును గూర్చి అంతర్జాతీయ కార్మిక సంస్థ 1963లో వెలువరించిన 119వ సిఫారసును పురస్కరించుకొని, పార్లమెంటు 1971లో పారిశ్రామిక వివాదముల చట్టమునకు 11-ఎ సెక్షనును చేర్చెను. 1971 డిసెంబరు 15వ తేదీ నుండి అమలులోనికి వచ్చిన ఆ సెక్షను, తొలగింపు న్యాయసమ్మతము కాదని తోచినపుడు దానిని రద్దు చేసి తగునని తోచిన షరతులపై తిరిగి ఉద్యోగమిప్పించుటకు, లేక తొలగింపునకు బదులు తక్కువ శిక్ష వేయుటకు కార్మిక న్యాయస్థానమునకు అధికారమిచ్చెను. యజమాని విచారణలో నమోదైన సాక్ష్యమును తామే తిరిగి తూచి చూచు అధికారము కూడ ఆ న్యాయస్థానములకు దీనితో సంక్రమించినదని 1973లో ఫైర్‌స్టోన్ టైర్ కంపెనీ కేసు స్పష్టపరచెను. ఇచ్చటనే మన సమస్యలోనికి ఒక కొత్త మనిషి ప్రవేశించెను: తప్పు చేసినవాడే, అయినను ఉద్యోగము పోవునంతటి తప్పు చేయనివాడు. అతనికి నడిమి కాలపు జీతము దక్కునా దక్కదా యన్న విషయమున 11-ఎ సెక్షను ఒక్క మాటయైనను చెప్పలేదు. షరతులపై యన్న ఆ ఒక్క పదముననే సర్వమును ఇమిడ్చి శాసనకర్తలు ఊరకుండిరి.

ఆ మౌనమును పూరించిన తీర్పులలో మొదట చెప్పదగినది 1978 నాటి హిందుస్థాన్ టిన్ వర్క్స్ కేసు. న్యాయమూర్తి డి. ఎ. దేశాయి వ్రాసిన ఆ తీర్పులో, తొలగింపు చెల్లదని తేలిన పిమ్మట పూర్తి వేతనముతో పునర్నియామకమే సాధారణ నియమమనియు, అంతకు తక్కువ ఇచ్చుటకు కారణము చూపవలసిన భారము యజమానిదే యనియు స్థిరపడెను. పని చేయుటకు సిద్ధముగా నున్నవానిని పని చేయనీయక గెంటివేసినవాడే, పని చేయలేదు గనుక జీతమీయనని పలుకుట చెల్లదన్నది అందలి తర్కము. ఆ కేసు దుష్ప్రవర్తనకు సంబంధించినది కాదు, సిబ్బంది తగ్గింపునకు సంబంధించినది. కంపెనీ నష్టములలో నున్నందున నూటికి డెబ్బదియైదు వంతులే తుదకు ఇప్పింపబడినవి. ఈ రెండు సంగతులను దాని పేరు చెప్పి వాదించువారు ఇరుపక్షములలోను తరచు మరచుచుందురు. ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుండి సుప్రీంకోర్టునకు వెళ్లిన న్యాయమూర్తి ఓ. చిన్నపరెడ్డి ఆ ధర్మాసనమున సభ్యుడు. 1980లో సురేంద్రకుమార్ వర్మ కేసున ఆయన, తొలగింపు ఆజ్ఞయే తుడిచిపెట్టుకొని పోయినపుడు కార్మికుడు ఆ ఆజ్ఞ లేనిచో ఏ స్థితిలో నుండెడివాడో ఆ స్థితికి చేర్చుట సామాన్య వివేకమని, అరుదైన కారణములకే దానినుండి తొలగవచ్చునని మరింత గట్టిగా చెప్పెను.

దుష్ప్రవర్తన కేసులన్నియు ఒక తీరువి కావు. ఆరోపణయే కల్ల యని తేలినపుడు, యూనియను పెట్టినందుకో సాక్ష్యము చెప్పినందుకో పగబట్టి తొలగించిరని రుజువైనపుడు, పూర్తి వేతన మీయకుండుటకు నాకు ఏ యుక్తియు కానరాదు. మన న్యాయస్థానములును మొత్తము మీద అట్లే తలచినవి. వేరొక వివాదము నడుచుచుండగా ట్రిబ్యునలు ఆమోదము కోరకుండ చేసిన తొలగింపు సంగతియు అంతియే; 33(2)(బి) సెక్షనును మీరిన అట్టి ఉత్తరువు అమలులోనికే రాదని 2002లో జైపూర్ జిల్లా సహకార భూమి వికాస బ్యాంకు కేసున రాజ్యాంగ ధర్మాసనము తీర్మానించెను. చిక్కంతయు మిగిలిన రెండు తెగలలో కలదు.

వానిలో మొదటిది, విచారణ చెడిపోయి తప్పు మాత్రము నిజమైన కేసు. యజమాని జరిపిన విచారణలో లోపమున్నను, న్యాయస్థానము ముందు కొత్తగా సాక్ష్యము పెట్టి తప్పును రుజువు చేసికొనుటకు అతనికి అవకాశము కలదు. ఆ విధముగా రుజువు చేసికొన్నచో తొలగింపు ఏ నాటినుండి చెల్లును? తొలి ఉత్తరువు నాటినుండియా, న్యాయస్థానము ఆమోదించిన నాటినుండియా? నడుమ గడచిన ఐదారేండ్ల జీతము ఈ ప్రశ్న మీద ఆధారపడి యుండును. 1959లో బీహారు నందలి ససా మూసా చక్కెర మిల్లు కేసున, అసలు విచారణయే జరుపనిచోట, అవార్డు నాటినుండియే యని సుప్రీంకోర్టు పలికెను. 1963లో ఎయిర్ ఫ్రాన్స్ కేసున రాజ్యాంగ ధర్మాసనము, విచారణ యంటూ ఒకటి జరిగినపుడు అది లోపభూయిష్టమైనను ఆమోదము పాత తేదీకే ముడిపడునని చెప్పెను. గుజరాత్ స్టీల్ ట్యూబ్స్ కేసున న్యాయమూర్తి కృష్ణయ్యరు దానికి ఎదురు పలికెను. 1990లలో తిరిగి ఎయిర్ ఫ్రాన్స్ సూత్రమే నిలిచినది, 1997లో పంజాబ్ డెయిరీ కేసు దానిని రూఢిపరచెను. పెద్ద ధర్మాసనము మాట చెల్లుట న్యాయమర్యాద. దానితో నాకు పేచీ లేదు. అయినను దాని ఫలమేమో చూడుడు. కార్మికునికి సాక్షులను ప్రశ్నించు అవకాశ మీయక, మొక్కుబడిగా విచారణ తంతు నడిపి తొలగించిన యజమాని, ఏండ్ల పిమ్మట కోర్టులో తన తప్పును దిద్దుకొన్నంత మాత్రమున ఆ ఏండ్లన్నింటి జీతమును మిగుల్చుకొనుచున్నాడు. విచారణను మొదటనే సక్రమముగా జరుపుమని అతనికి బుద్ధి చెప్పు ఖర్చు ఏదియు లేదు.

మన హైదరాబాదు ఈ చర్చలోనికి వచ్చునది ఇందులకు సమీపమైన మరియొక విషయమున. విచారణాధికారి నివేదిక ప్రతిని ఉద్యోగికి ఈయకుండ శిక్ష వేయుట చెల్లునా యను వివాదమున ఎలక్ట్రానిక్స్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా, అనగా మనమందరము ఇ.సి.ఐ.ఎల్. అని పిలుచు సంస్థ, సుప్రీంకోర్టుకెక్కెను. 1993 అక్టోబరున రాజ్యాంగ ధర్మాసనము, నివేదిక నీయవలసినదే యని, అయినను ఈయనంత మాత్రమున శిక్ష దానంతట అదియే కూలిపోదని, ఈయకుండుటచే ఉద్యోగికి నిజముగా అన్యాయము జరిగినదా యని విచారింపవలెనని చెప్పెను. జరిగినదని తేలినచో అతనిని తిరిగి చేర్చుకొని, సస్పెన్షనులో నుంచి, నివేదిక ఇచ్చిన ఘట్టము నుండి విచారణను కొనసాగింపవలెను. నడిమి కాలపు వేతనము మాట ఆ విచారణ ముగిసిన పిమ్మట, దాని ఫలితమును బట్టి, సంస్థాధికారి తేల్చవలెను. కాగితముపై ఈ ఏర్పాటు నిర్దుష్టముగా కనబడును. ఆచరణలో జరుగునది యేమనగా, గెలిచిన ఉద్యోగి గెలిచిన నాటి రాత్రియే మరల నిందితుడగును, అతని జీతము ఎవరితో పోరాడి గెలిచెనో వారి చేతిలోనికే తిరిగి పోవును.

రెండవ తెగ, తప్పు రుజువై శిక్ష మితిమీరినది. తెలుగునాట దీనికి నిదర్శనములు వెదుకుటకు ఆర్టీసీ డిపోను మించిన చోటు లేదు. తనిఖీ సిబ్బంది దారిలో బస్సు నాపి, సొమ్ము పుచ్చుకొని టికెట్టు ఈయని ప్రయాణికు లిద్దరు ముగ్గురు కనబడినారని వ్రాసికొని, కండక్టరుచే అక్కడికక్కడ సంజాయిషీ వ్రాయించి, సంచిలోని నగదును లెక్కించి పోవుదురు. తరువాత చార్జిషీటు, సస్పెన్షను, ఎంక్వైరీ, షోకాజు నోటీసు, రిమూవల్. ప్రయాణికులను సాక్షులుగా పిలువలేదు గదా యను వాదము 1977లోనే, హర్యానా కండక్టరు ఒకని కేసున, కృష్ణయ్యరు తీర్పుతో తేలిపోయినది. శాఖాపరమైన విచారణకు సాక్ష్య చట్టపు కట్టుబాట్లు వర్తింపవు, నమ్మదగిన ఆధారము కొంత యున్న చాలును. కొట్టివేసిన మొత్తము కొద్ది రూపాయలే గదా యను వాదమును కూడ 2001 నుండి కర్ణాటక ఆర్టీసీ కేసులలో సుప్రీంకోర్టు నిరాకరించుచు వచ్చెను. కండక్టరు చేతిలోని సొమ్ము సంస్థ నమ్మకమునకు గురుతు, మొత్తము ఎంతయన్నది అప్రధానమని ఆ తీర్పుల సారము.

అయినను లేబరు కోర్టులకు కండక్టర్లు వచ్చుచునే యున్నారు, వారిలో కొందరు గెలుచుచునే యున్నారు. టికెట్ల వరుస సంఖ్యలను ఎస్.ఆర్. అను లెక్కల పత్రములో ఎక్కించుటలో జరిగిన జాప్యమో, క్రిక్కిరిసిన బస్సులో స్టేజీ దాటకముందే తనిఖీ జరుగుటయో, సంజాయిషీ బలవంతముగా వ్రాయించుటయో న్యాయాధికారి గమనించి, తప్పు కొంత యున్నను ఇరువదేండ్ల సర్వీసును తుడిచివేయునంతటిది కాదని తలచును. ఆంధ్రప్రదేశమున ఇట్టి కేసులు ఎక్కువగా కనబడుటకు మరియొక హేతువు కలదు. ఒంటరి కార్మికుని తొలగింపు కూడ పారిశ్రామిక వివాదమే యని 1965లో 2-ఎ సెక్షను చెప్పినను, ప్రభుత్వము రిఫరెన్సు పంపినగాని కోర్టు తలుపు తెరచుకొనెడిది కాదు. ఆ ఆటంకమును తొలగించి కార్మికుడే నేరుగా లేబరు కోర్టులో దరఖాస్తు పెట్టుకొను వీలును 1987లో మన రాష్ట్ర సవరణ కల్పించెను. దేశమంతటికి అట్టి వీలు 2010 సవరణతో గాని రాలేదు. గోదావరిఖని కోర్టుకు వచ్చు సింగరేణి కార్మికుల వాదములలో తప్పు స్వభావము వేరు. చాలినన్ని మస్టర్లు పడలేదను గైర్హాజరీ నేరమే అందు ప్రధానము. అచ్చట వెనుకటి వేతనము లేకుండ పునర్నియామకమునకు కార్మికులే సమ్మతించుట కలదు, గైర్హాజరైనవానికి గైర్హాజరైన కాలపు జీతమడుగు నోరు రాదు గనుక. తొలగింపునకు ముందటి గైర్హాజరీ వేరు, తొలగింపు తరువాతి నిరుద్యోగము వేరని వారికి విడమరచి చెప్పువారు తక్కువ.

2005 నుండి 2007 వరకు మూడేండ్లు ఈ న్యాయమున గాలి మారిన కాలము. కేంద్రీయ విద్యాలయ సంఘటన్ కేసున, తొలగింపు కాలమున తనకు వేరొక జీవనాధారము లేదని మొదట ఉద్యోగియే చెప్పవలెనని తీర్పు వచ్చెను. హర్యానా రోడ్‌వేస్ కేసున, సర్వీసు ఎన్ని యేండ్లు, నియామకము శాశ్వతమా తాత్కాలికమా యను అంశములను కూడ చూడుమనిరి. ఉత్తరప్రదేశ్ ఇత్తడి సామానుల కార్పొరేషన్ కేసున పాతిక శాతముతో సరిపెట్టిరి. 2007లో జె. కె. సింథటిక్స్ కేసున న్యాయమూర్తి రవీంద్రన్, తప్పు రుజువై శిక్ష మాత్రము తగ్గినచోట వెనుకటి వేతనము సహజ ఫలము కానేరదని, ఉద్యోగము తిరిగి వచ్చుటయే ఒక ఉపశమనమని విశదపరచెను. ఈ వివేచన అర్థరహితమని నేననను. నిర్దోషికిని, దోషియై దయకు పాత్రుడైనవానికిని ఒకే కొలత వేయుట ధర్మము కాదు. కాని ఆ తీర్పులు భేదమును గుర్తించి అచ్చటనే ఆగిపోయినవి. దోషికి ఎంత తగ్గింపవలెను, దేనిని బట్టి తగ్గింపవలెనన్నది చెప్పలేదు.

2013 ఆగస్టులో మహారాష్ట్ర నందలి ఒక ఉపాధ్యాయురాలి విషయమున, క్రాంతి జూనియర్ అధ్యాపక మహావిద్యాలయ కేసు అనబడునట్టిదానిలో, న్యాయమూర్తి సింఘ్వీ పాత త్రోవను తిరిగి శుభ్రపరచెను. అక్రమ తొలగింపు రద్దైనపుడు పూర్తి వేతనమే సాధారణ నియమము. వేరే ఆదాయము లేదని ఉద్యోగి ఒక్క మాట చెప్పిన చాలును, ఉన్నదని నిరూపించు భారము ఆపైన యజమానిది. పునర్నియుక్తుడు సర్వీసు కొనసాగింపును హక్కుగా అడుగరాదని జె. కె. సింథటిక్స్ తీర్పులో నున్న మాట చెల్లదు. శిక్ష మితిమీరిన కేసులలో పూర్తి వేతన మీయకుండు విచక్షణ న్యాయాధికారికి కలదని ఆ తీర్పు కూడ ఒప్పుకొన్నది. అయితే అంతకంటె విలువైన మాట ఒకటి అందు కలదు: వ్యాజ్యములు ఏండ్ల తరబడి సాగుటకు ముఖ్యకారణము న్యాయస్థానములకు వసతియు సిబ్బందియు చాలకుండుటయే గాని కక్షిదారులు కారని, కావున ఆ జాప్యమును చూపి ఉద్యోగి వేతనమును కోయరాదని. వ్యాసారంభమున నేను చెప్పిన మాటకు ఇంతకంటె బలమైన అండ నాకు దొరకదు. విచారకరమేమనగా, ఈ సూత్రమును నిర్దోషి విషయమున పాటించు న్యాయస్థానములే, తక్కువ శిక్షకు అర్హుడైనవాని విషయమున దానిని మరచుచున్నవి.

వేరొక జీవనాధారమను విషయమున కొంత వివరింపవలసి యున్నది. ఉద్యోగము పోయినవాడు గాలి భోంచేసి బ్రతుకడు. 1984లో రాజీందర్ కుమార్ కింద్రా కేసున, మామగారి బొగ్గుల డిపోలో సాయపడి వారి యింటనే తలదాచుకొన్నవానిని వేరొక ఉద్యోగమున నున్నవానిగా నెంచరాదని సుప్రీంకోర్టు తేల్చుట మిక్కిలి సహృదయమైన నిర్ణయము. బ్రతుకుటకు చేసిన ఏ పనియైనను ఆదాయమే యనుచో, పస్తుండి చచ్చినవానికి తప్ప పూర్తి వేతనము దక్కదు. అవార్డు వచ్చిన పిమ్మట యజమాని హైకోర్టుకు పోయినచో, ఆ కాలమంతయు కార్మికునికి కడపట తీసికొన్న జీతము చెల్లింపవలెనను 17-బి సెక్షను 1984 ఆగస్టు 21 నుండి అమలులోనికి వచ్చినది. వేరే ఉద్యోగము లేదని అతడు అఫిడవిట్ వేసిన చాలును. కడపటి జీతమనగా తొలగించిన నాటి జీతమే గాని, ఉద్యోగములో కొనసాగియున్నచో ఈనాడు వచ్చెడి జీతము కాదని దేనా బ్యాంకు కేసు చెప్పినది. పదేండ్ల క్రిందటి జీతముతో నేటి బియ్యము కొనుటలోని కష్టమును ఆ తీర్పు పట్టించుకొనలేదు.

2025 ఫిబ్రవరిలో మహారాష్ట్ర రోడ్డు రవాణా సంస్థ డ్రైవరు ఒకని కేసు తీరిన విధము చూడుడు. బస్సు, లారీ ఢీకొనగా, నిర్లక్ష్యముగా నడిపెనని సంస్థ తన డ్రైవరును తొలగించెను. నష్టపరిహార మడిగినవారు మోటారు ప్రమాదముల ట్రిబ్యునలునకు పోగా, అచ్చట అదే సంస్థ తన డ్రైవరు తప్పేమియు లేదని, లారీ వానిదే నేరమని వాదించెను. ఒక కోర్టులో నిర్దోషియు, తన కార్యాలయములో దోషియునైన ఆ డ్రైవరు సుప్రీంకోర్టు తీర్పు నాటికి పదవీ విరమణ వయస్సును దాటిపోయెను. తిరిగి చేరుటకు ఉద్యోగమే లేనందున అతనికి దక్కవలసినది జీతమొక్కటే. అందు నూటికి డెబ్బదియైదు వంతులు న్యాయస్థానమిప్పించెను. మిగిలిన పాతికవంతు ఏ తప్పునకు పోయినదో నాకు బోధపడలేదు. (శాతములను గూర్చి ఒక మాట. ఇరువదియైదు, ఏబది, డెబ్బదియైదు అను అంకెలు ఈ తీర్పులలో ఎంత విరివిగా కనబడునో చూచినవానికి, న్యాయము పావులాలతోనే తూగునా యని సందేహము కలుగక మానదు.)

వెనుకటి వేతనము లేదను ఆజ్ఞకు తోకలు కూడ కలవు. సర్వీసు కొనసాగింపు ఉన్నది గనుక నడిమి కాలపు ఇంక్రిమెంట్లు లెక్కకైనను కలిసి రావలెనని కార్మికుడు తలచును. అట్లు రావని, అవార్డులో ప్రత్యేకముగా చెప్పిననే వచ్చునని 2003లో మన ఆర్టీసీ కేసులోనే సుప్రీంకోర్టు తీర్మానించెను. అందుచే అవార్డులో ఆ ఒక్క మాట పడినదా లేదా యన్నదానిని బట్టి అతని మిగిలిన సర్వీసంతటి జీతము, గ్రాట్యుటీ మారిపోవును. క్రిమినల్ కేసులో శిక్షపడి ఉద్యోగము పోయి, అప్పీలులో నిర్దోషియని తేలినవాని సంగతి వేరు. తన కేసువలన తానే పనికి దూరమయ్యెను గనుక ఉద్యోగము వచ్చునే గాని వేతనము రాదని 1996 నాటి గుజరాత్ విద్యుద్బోర్డు కేసు చెప్పుచున్నది. ప్రభుత్వోద్యోగులకు ఫండమెంటల్ రూల్ 54 అను వేరు దారి కలదు. పూర్తిగా నిర్దోషియైనచో పూర్తి జీతము, కానిచో నోటీసిచ్చి సంజాయిషీ విని అధికారి నిర్ణయించినంత. 2020 జనవరి 1 నుండి ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీ సిబ్బంది ప్రభుత్వోద్యోగులైరి గనుక ఈ రూలు వారికి ఇకమీద పరాయిది కాదు.

యాజమాన్యముల పక్షమున చెప్పదగిన మాట లేకపోలేదు. చిల్లర కొట్టివేసిన కండక్టరు ఎనిమిదేండ్ల పిమ్మట మొత్తము జీతమును ఒక్కమారుగా పుచ్చుకొని అదే డిపో గేటు లోనికి వచ్చుట, ఆ ఎనిమిదేండ్లును పైసా ముట్టక డ్యూటీ చేసినవారి కన్నుల యెదుట జరుగును. చెల్లించునది ప్రయాణికుల సొమ్ము. ఈ బాధ నిజమైనదే. అయితే దానికి మందు జీతమును గంపగుత్తగా కోయుట కాదు, శిక్షను శిక్షగా వేయుట. 11-ఎ సెక్షను తక్కువ శిక్ష వేయు అధికారమును స్పష్టముగా ఇచ్చుచుండగా, న్యాయాధికారి ఆ శిక్షయేదో అవార్డులో పేరు పెట్టి చెప్పవలెను: రెండు ఇంక్రిమెంట్ల శాశ్వత నిలుపుదలయా, క్రింది స్థాయికి దింపుటయా, ఆరు మాసముల జీతనష్టమా. అది చెప్పిన పిమ్మట, ఆ శిక్ష పోగా మిగిలిన కాలపు వేతనము కార్మికునికి రావలెను. అతడే ఆలస్యముగా కోర్టుకు వచ్చినచో, అతడే వాయిదాలు కోరినచో, అంత కాలమును లెక్కించి తగ్గింపవచ్చును. వేరొకచోట నిజముగా సంపాదించినచో అంత సొమ్మును తగ్గింపవచ్చును. ఈ తగ్గింపులన్నింటికి ఒక లెక్క కలదు, లెక్కకు ఒక హేతువు కలదు.

ఊహకు ఒక ఉదాహరణమును వేసి చూతము. నెలకు 30,000 రూపాయల జీతము గలవాడు ఎనిమిదేండ్లు వ్యాజ్యమాడి, వెనుకటి వేతనము లేకుండ తిరిగి చేరెననుకొందము. అతడు కోల్పోయినది 28,80,000 రూపాయలు. అతని తప్పునకు డిపో మేనేజరే మొదట రెండు ఇంక్రిమెంట్లు శాశ్వతముగా నిలిపియున్నచో, ఇంక్రిమెంటు నూటికి మూడు రూపాయల చొప్పున నెలకు 1,800 రూపాయలు, మిగిలిన పదునైదేండ్ల సర్వీసునకు 3,24,000 రూపాయలు పోయెడివి. తొలగింపు అన్యాయమని, ఇంక్రిమెంట్ల నిలుపుదలయే తగిన శిక్షయని చెప్పిన అవార్డు, ఆ తగిన శిక్షకు దాదాపు తొమ్మిది రెట్ల సొమ్మును వేరొక వాక్యముతో తీసికొన్నదన్న మాట. తొలగింపును రద్దు చేసిన న్యాయాధికారి తాను ఇంత పెద్ద జరిమానా వేయుచున్నానని ఎరిగియే వేసెనని నేను నమ్మజాలను.

2025 నవంబరు 21వ తేదీన పారిశ్రామిక సంబంధముల కోడ్ అమలులోనికి వచ్చి, 1947 చట్టము స్థానమును ఆక్రమించినది. సస్పెన్షనులో నున్నవానిపై విచారణను సాధారణముగా తొంబది దినములలో ముగింపవలెనని, ఆ తొంబది దినములకు సగము జీతమును, జాప్యమునకు అతడు కారకుడు కానిచో ఆపైన ముప్పాతిక జీతమును జీవనభృతిగా ఈయవలెనని అందు కలదు. లేబరు కోర్టుల స్థానమున, న్యాయసభ్యుడు ఒకడును పరిపాలనా సభ్యుడు ఒకడును గల ట్రిబ్యునళ్లను కోడ్ నిర్దేశించినది. తొలగింపబడిన కార్మికుడు ట్రిబ్యునలు నాశ్రయించుటకు గల గడువు మూడేండ్ల నుండి రెండేండ్లకు కుదిరిపోయినది. అప్పీళ్లు, రివ్యూలు అనుచు డిపో నుండి రీజియను కార్యాలయమునకు తిరుగుటలో ఆ రెండేండ్లును గడచిపోకుండ యూనియనులు ఇప్పటినుండియే జాగ్రత్త పడవలసి యున్నది. ఇక వెనుకటి వేతనము సంగతి చూచినచో, 11-ఎ సెక్షను మాటలే కొత్త కోడ్‌లోనికి దాదాపు మార్పు లేకుండ దిగినవి: తగునని తోచిన షరతులపై పునర్నియామకము, లేక తక్కువ శిక్ష. 1971 నుండి వచ్చిన ఇన్ని తీర్పుల అనుభవము కన్నుల ముందుండగా, ఆ షరతులేవో, వేతనమును తగ్గించునపుడు చూపవలసిన కారణములేవో రెండు వాక్యములలో వ్రాయుటకు శాసనకర్తలకు అవకాశము కలిగినది, వారు వ్రాయలేదు. ఆ రెండు వాక్యములను ఇకమీద ఒక్కొక్క అవార్డులో, ఒక్కొక్క కార్మికుని పేరిట, ట్రిబ్యునలు సభ్యులే వ్రాయవలసి యుండును.